రాకెట్ మీద నరహరి కోపం

నరహరికి ఉన్న రోగం ఒక్కటే. ఏ వస్తువునైనా ఒక్కసారి వాడి పారేస్తే ఆయనకు ఒళ్లు మండుతుంది. బీపీ గోలీ వేసుకున్నా మండుతుంది. వేసుకున్నాక ఆ గోలీల ఖాళీ పట్టీని కూడా పారేయడు. దాని వెండి రేకును ముక్కలుగా కత్తిరించి, రంగు దారాల కట్టలకు గుర్తులుగా చుడతాడు. ఎవరి చేతిలోంచి ఏది చెత్తబుట్టలోకి పోతున్నా, భువనగిరి గుట్ట మీది కోటకు వినపడేటట్టు ఒకటే మాట అరుస్తాడు: "ఒక్కపారికేనా?"

భువనగిరిలో ఒక పెండ్లికి పోయినప్పుడు సంచిలోంచి తన స్టీలు పళ్లెం తీసి ముందు పెట్టుకున్నాడు. బగారన్నం వడ్డిస్తున్నవాడు సగంలో ఆగాడు.

"పెద్దమనిషీ, మా ప్లేట్లు ఉన్నయి గద?"

"గవి ప్లేట్లా? తిన్నంక ఏం జేస్తరు?"

"ఏం జేస్తరు, పడేస్తరు. ఒక్కపారికే అవి."

"మరి పెండ్లి గూడ గట్లనేనా?"

పెండ్లికొడుకు తరపువాళ్లు నలుగురు కుర్చీల్లోంచి లేచారు. నరహరి భార్య శారదమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుని, ఆయన చెయ్యి పట్టుకుని బయటికి గుంజుకొచ్చింది. పళ్లెం మాత్రం ఆయన వదల్లేదు. అందులో సగం బగారన్నం ఉంది.

ఎలక్షన్లు అయిపోయిన తెల్లారి ఊళ్లో ఫ్లెక్సీలన్నీ నరహరివే. నిచ్చెన వేసుకుని తానే విప్పుకొస్తాడు. దారాలకు రంగులద్దే షెడ్డుకు పైకప్పు వాటితోనే వేశాడు. లోపల నిలబడి తల ఎత్తితే మూడు పార్టీల నాయకులు పక్కపక్కన చేతులు జోడించి నవ్వుతూ కనపడతారు. రాష్ట్రంలో ఎక్కడా కుదరని పొత్తు ఆ షెడ్డులో కుదిరింది.

అట్లా అని ఆయనను తక్కువ లెక్క కట్టొద్దు. ఊరి పేరు నిలబెట్టిన మనిషి. చిటికి పనిలో, అంటే దారాన్ని ముందే కట్టి రంగులో ముంచి ఆ తరువాత నేసే పనిలో, ఆయన చేతికి చెయ్యి లేదు. నిలువు దారానికీ అడ్డం దారానికీ రెండింటికీ చిటికి కట్టి, నాలుగు నెలలు కూర్చుని నేసిన చీరకు, తెలంగాణ వచ్చిన రెండో ఏడు రాష్ట్ర స్థాయి బహుమానం అందుకున్నాడు. రంగును చూసి అది ఎన్ని ముంపుల రంగో చెప్తాడు. నలభై మూడేండ్ల నుంచి ఒకటే మగ్గం, ఒకటే కత్తెర, ఒకటే సైకిలు, ఒకటే పెండ్లాం. ఈ వరుసలో తన వంతు సైకిలు తరువాత రావడం మీద శారదమ్మకు ఇప్పటికీ ఫిర్యాదు ఉంది. చదువు సంగతి అడిగితే నరహరి ఇంకా గర్వంగా చెప్తాడు: "ఏడో తరగతిని గూడ ఒక్కపారి సదివి పారెయ్యలె. రెండుసార్లు సదివిన."

ఇట్లాంటి మనిషికి రాకెట్ సంగతి తెలియకుండా ఉంటే దేశానికి శాంతి ఉండేది. తెలియజేసింది గ్రేస్.

గ్రేస్ అదే ఊరి ఇస్రాయేలు మేస్త్రి బిడ్డ. ఇస్రాయేలు తండ్రి వరకు ఆ ఇంట్లో అందరూ పరుల పొలాల్లో కూలికి పోయినవాళ్లే. ఇస్రాయేలు తాపీ పట్టాడు. గ్రేస్ ఊరి బడిలో చదివి, పాలిటెక్నిక్ చేసి, ఇంజనీరింగ్ చేసి, హైదరాబాదులో ఒక ప్రైవేటు రాకెట్ కంపెనీలో చేరింది. ప్రభుత్వమే కాదు, కంపెనీలు కూడా రాకెట్లు చేసే రోజులు వచ్చాయని ఊరు తెలుసుకున్నది ఆ పిల్ల వల్లనే. ఆమె కంపెనీ మొదటి రాకెట్ ఎగిరిన రోజు చేనేత సంఘం హాల్లో తెర కట్టి ఊరంతా చూసింది. అది నిప్పులు కక్కుతూ మబ్బుల్లోకి పోతే చప్పట్లు మోగాయి. సెలవు పెట్టి వచ్చి పక్కనే కూర్చున్న గ్రేస్ కండ్లు మెరిశాయి. అప్పుడు నరహరి గొంతు లేచింది.

"పోవుడైతే మంచిగ పోయింది బిడ్డా. మల్ల ఎప్పుడొస్తది?"

"రాదు పెద్దనాయినా. పని అయిపోయినంక కింది భాగం సముద్రంల పడిపోతది."

"మల్ల ఎవలు తీస్తరు?"

"ఎవ్వలు తియ్యరు."

ఊరంతా చెవులు మూసుకుంది. అయినా వినపడింది.

"ఒక్కపారికేనా?!"

ఆ రోజు నుంచి గ్రేస్‌కు ఆదివారం లేదు. అన్నం తిని చెయ్యి కడుక్కోగానే నరహరి నుంచి ఫోను వస్తుంది.

"బిడ్డా, ఒక మాట అడుగుత. మన బస్సు పొద్దుగాల హైదరాబాద్ పోయి మాపటికి వాపస్ వస్తాంది. జనాన్ని దింపి బస్సును మూసీల పడేస్తున్నరా?"

"లేదు పెద్దనాయినా."

"మరి మీకేం రోగం?"

ఎవరో ఆయనకు ఫోనులో ఒక వీడియో చూపించారు. పరాయి దేశపు రాకెట్ ఒకటి పైకి పోయి, మళ్లీ దిగొచ్చి, నిటారుగా కాళ్ల మీద నిలబడింది. నరహరి దాన్ని పదకొండుసార్లు చూశాడు. సంతోషపడతాడనుకుంటే కోపం రెండింతలైంది. "వానికి వచ్చింది మనకెందుకు రాదు? మనం సామాను వాపస్ తెచ్చుకునే జాతి గాదా? పెండ్లి వంటకు ఇచ్చిన గంజు రాకపోతే ఇంటికి పోయి అడిగి తెచ్చుకుంటం గద!"

రెండేండ్లకు గ్రేస్ కంపెనీ కూడా దిగొచ్చే రాకెట్ మొదలుపెట్టింది. అది కంపెనీ ఎప్పుడో అనుకున్న పనే. కానీ నరహరి తన ఘనతల వరుసలో, బహుమానం చీర తరువాత, కత్తెరకు ముందు, దాన్ని చేర్చుకున్నాడు: "రాకెట్టును వాపస్ రమ్మని చెప్పింది నేనే."

మక్తల్ అవతల సేద్యం లేని పడావు భూముల్లో పరీక్ష పెట్టారు. రెండంతస్తుల ఎత్తున్న చిన్న రాకెట్ అది. పేరు పాలపిట్ట. కొంత ఎత్తుకు లేచి, మళ్లీ మెల్లగా దిగి, నాలుగు కాళ్ల మీద నిలబడాలి. ఆ కాళ్లు చేసే పని మొత్తం గ్రేస్‌దే. పాలపిట్ట లేచింది. గాలిలో నిలిచింది. దిగింది. మూడు కాళ్లు గట్టిగా నిలిచాయి. నాలుగోది మోకాళ్ల మీద కూర్చున్న మనిషిలా వంగిపోయింది. రాకెట్ మెల్లగా పక్కకు ఒరిగి, పడి, కాలిపోయింది. ఎవరికీ ఏమీ కాలేదు. కానీ ఆ వీడియోకు పాట కలిపి లోకం లోకమంతా నవ్వింది. "కాళ్లు చేసింది ఎవరట?" అని టీవీలో ఒకాయన నవ్వుకుంటూ అడిగాడు. సొంతంగా ఒక స్టూలు కూడా చేయలేనివాళ్లు కాళ్ల మీద వ్యాఖ్యానాలు రాశారు.

గ్రేస్ ఊరికి వచ్చింది. మూడు రోజులు గడప దాటలేదు. ఇస్రాయేలు తక్కువ మాట్లాడే మనిషి. ఆ మూడు రోజుల్లో ఆయన అన్నది ఒక్కటే: "పోనీ తియ్ బిడ్డా. బ్యాంకు పరీక్షలు రాద్దువు." గ్రేస్ భువనగిరి పోయి రాజీనామా కాగితం ప్రింటు తీయించుకుని వచ్చింది. సంతకం పెట్టిన కాగితం చేతికి ఇవ్వాలని కంపెనీ రూలు. పరీక్ష జాగాకు పెద్ద అధికారి విజేందర్. ఆయన కాలిన ముక్కల ముందే మకాం పెట్టాడు. అక్కడికే పోయి ఇచ్చేద్దామనుకుంది.

ఆమె బయలుదేరే పొద్దున, బ్యాంకు పరీక్షల సంగతి కూడా చెవిన పడి, నరహరి వాకిట్లోకి వచ్చాడు. ముఖం పొయ్యి మీది రంగునీళ్ల గాబులా ఉడుకుతోంది. ఇస్రాయేలు లేచి నిలబడ్డాడు.

"అన్నా, పిల్ల ఇప్పటికే పరేషాన్ల ఉన్నది..."

"నేను పరేషాన్ల లేనా? ఏదే పిల్లా, కాలిన రాకెట్ ఏది?"

"పరీక్ష జాగా షెడ్డుల ముక్కలున్నయి పెద్దనాయినా. లెక్క చూసినంక పాత ఇనుపోనికి పంపుతరు."

"పాత ఇనుపోనికా!" నరహరి చేతికర్ర నేలకేసి కొట్టాడు. "గింత పని జేసి, ఒక్కపారి పడంగనే పాత ఇనుపోనికి! నడువ్. ఎట్లన్న పోతున్నవు గద, నేనూ వస్త. గా ముక్కలు నాకు కావాలె."

వద్దంటే ఆగే మనిషి కాదు. హైదరాబాద్ పోయి, అక్కడ రాయచూర్ పోయే బస్సు పట్టారు. ఆడవాళ్లకు బస్సులు ఉచితం కాబట్టి కండక్టరు గ్రేస్‌కు సున్నా టికెట్ ఇచ్చాడు. ఆమె దాన్ని నలిపి కిటికీలోంచి విసరబోయింది. నరహరి చెయ్యి పట్టుకున్నాడు.

"ఒక్కపారికేనా?"

"సున్నా టికెట్ తోని ఏం జేస్త పెద్దనాయినా?"

"వెనుక దిక్కు తెల్లగున్నది కనపడ్తలేదా?" అని లాక్కుని, జేబులో పెట్టుకున్నాడు. జడ్చర్ల నుంచి దేవరకద్ర దాకా రోడ్డు పక్క దుకాణాల ఇంగ్లీషు బోర్డులన్నీ కూడబలుక్కుంటూ పైకి చదివాడు. గ్రేస్ కండ్లు మూసుకుని ఒడిలో ఉన్న ఫైలును గట్టిగా పట్టుకుంది. మక్తల్ దగ్గరపడుతోంది. ఇంకో గంటలో తొమ్మిదేండ్ల చదువూ పనీ ఆ ఒక్క కాగితంతో అయిపోతాయి.

షెడ్డు దగ్గర విజేందర్ ఎదురొచ్చాడు. నాలుగు రోజులుగా గడ్డం గీసుకోలేదు.

"ఎవరమ్మా ఈయన?"

"మా ఊరి పెద్దనాయిన సార్. ముక్కలు చూస్తడట."

"బయటి మనుషులకు పర్మిషన్..."

"బయటి మనిషినా?" నరహరి మొదలుపెట్టాడు. రాష్ట్ర బహుమానం, నాలుగు నెలల చీర, నలభై మూడేండ్ల మగ్గం, ఏడో తరగతి రెండుసార్లు, రాకెట్టును వాపస్ రమ్మన్న సంగతి. కత్తెర దాకా వచ్చేసరికి విజేందర్ రెండు చేతులూ ఎత్తాడు. "చూడనీయండి. కానీ ముట్టుకోవద్దు."

షెడ్డు నేల మీద కాలిన ముక్కలు వందల కొద్దీ ఉన్నాయి. ఏ కాలివి ఆ కాలికి నాలుగు వరుసలు, ప్రతి ముక్కకూ నంబరు చీటీ. విజేందర్ గ్రేస్‌ను తన గదిలోకి పిలిచాడు. ఫైలును షెడ్డులోని బల్ల మీదే వదిలి ఆయన వెంట పోయింది. ఆయన అడిగింది అడిగినట్టు గంటసేపు జవాబు చెప్పింది. కాలు ఎందుకు వంగిందో ఇద్దరికీ తెలియదు. బలం చాలలేదేమో అని ఆయన అన్నాడు. కావచ్చు అని ఆమె అంది.

వాళ్లు బయటికి వచ్చేసరికి కాపలా మనిషి చాయకు పోయి ఉన్నాడు. నేల మీద నాలుగు వరుసలు లేవు. ఏడు కుప్పలు ఉన్నాయి. మధ్యలో నరహరి గొంతుక్కూర్చుని, చేతులు మసి చేసుకుని, మహా తృప్తిగా ఉన్నాడు.

"ఏం జేసినవయ్యా!" విజేందర్ అరిచాడు. "ముట్టుకోవద్దన్న గద! నాలుగు రోజుల నంబర్ల వరుస!"

"నంబర్లేంది?" నరహరి అంతకంటే గట్టిగా అరిచాడు. "దారం కట్టలను నంబర్లు చూసి పెడ్తరా ఎవలన్న? రంగు చూసి పెడ్తరు. మీరు అన్ని రంగులు కలగలిపి ఆగం జేసిన్రు. గిదో, ఉల్లిపొర రంగు ఈడ. బెల్లం రంగు గాడ. గిది నేరేడు పండు, గిది నెమలి కంఠం. గది వట్టి మసి. సదువుకున్నోళ్లు, గీ మాత్రం తెల్వదా?"

"అవి మేము వేసిన రంగులు కావయ్యా! కాలిన రంగులు!"

"ఎట్ల వస్తే ఏంది, రంగు రంగే గద!"

విజేందర్ తల పట్టుకున్నాడు. గ్రేస్ మాత్రం కదల్లేదు. ఆమె నేరేడు కుప్పను చూస్తోంది. ఉక్కు ఎంత వేడెక్కితే ఏ రంగు తిరుగుతుందో ఆమె పాలిటెక్నిక్ మొదటి ఏడే చదివింది. లేత వేడికి ఉల్లిపొర, ఎక్కువ వేడికి నేరేడు. ఆ కుప్పలో అన్నీ ఇంజను పక్క పెద్ద రేకులే. వాటి మధ్య వేలెడంత పిన్ను ఒకటి ఉంది. కాలు చాచుకున్నాక బెజ్జంలోకి దిగి, కాలిని బిగించే పిన్ను.

"పెద్దనాయినా, ఇది గీ కుప్పలకెట్ల వచ్చింది?"

"ఎట్ల వచ్చుడేంది? రంగు సూడు. నేరేడు గాదా?"

నంబరు చూసింది. వంగిన కాలిది. ఉల్లిపొర కుప్పలో వెతికింది. మిగిలిన మూడు కాళ్ల పిన్నులూ అక్కడే ఉన్నాయి. అప్పుడు పిన్నుకు మంట తగలకుండా అడ్డం పెట్టే చిన్న రేకుల కోసం మోకాళ్ల మీద పాకింది. మూడు రేకులకు ఒక్క పక్కే నేరేడు రంగు. వంగిన కాలి రేకుకు రెండు పక్కలా ఉంది.

"సార్, పడ్డంక కాలింది కాదిది. గాలిలో ఉన్నప్పుడే మంట ఈ రేకు వెనుకకు దూరింది. ఆ రోజు పడమటి గాలి గుర్తున్నదా? పిన్ను వేడికి ఉబ్బి బెజ్జంలకు దిగలె. కాలు విరగలె సార్. బలం చాలకపోవుడు కాదు." ఆమె రేకును ఆయన చేతిలో పెట్టింది. "రేకు పొట్టిగ పెట్టింది మాత్రం నేనే. తప్పు నాదే."

"ఆహా!" నరహరి లేచాడు. మోకాళ్లు పటపటమన్నాయి. "తప్పు నీదైతే సదిరేది ఎవలు? నేనా? నా మగ్గం మీద నా చేతి తోని దారం తెగితే, పక్కింటి బాలకృష్ణ వచ్చి అతుకుతడా? తెగింది ఏడనో ఎరుకైంది నీకు. ఎరుకైనదాన్ని పట్టుకొని ఇంటికి పోయి బ్యాంకు పరీక్ష రాస్తవా? సిగ్గు లేదా?"

విజేందర్ రేకును వెలుగుకు పట్టి చాలాసేపు చూశాడు. "ఇదంతా రాసియ్యమ్మా. కొత్త రేకు కొలతలు కూడా."

"సార్, నేను రాజీనామా తెచ్చిన," అంది గ్రేస్ చిన్న గొంతుతో.

"ఏదీ?"

బల్ల మీద ఫైలు ఉంది. లోపల ఏమీ లేదు. గ్రేస్ అటూ ఇటూ చూసింది. ప్రతి కుప్ప మీదా ఒక తెల్ల కాగితపు పీలిక కనపడింది. వాటి మీద నరహరి గుండ్రటి అక్షరాలు: ఉల్లిపొర. బెల్లం. నేరేడు. నెమలి కంఠం. ఒక పీలిక తిప్పింది. వెనుక "చింతిస్తూ తెలియజేయునది" అని అర్థమిచ్చే ఇంగ్లీషు మాటలు. మసి కుప్ప మీద ఉన్నదాన్ని తిప్పింది. ఆమె సంతకం.

"పెద్దనాయినా! గిది నా రాజీనామా!"

"కావచ్చు. ఒక్క దిక్కు ప్రింటు కొట్టించి ఇంకో దిక్కు ఖాళీగ ఇడిసినవు. గంత తెల్లకాగితం బర్బాద్ జేస్తరా?"

"ఏం రాసున్నదో సదవలేదా?"

"ఇంగ్లీషు నాకేడొస్తది బిడ్డా, పల్లెటూరోన్ని."

జడ్చర్ల నుంచి దేవరకద్ర దాకా బోర్డులన్నీ వినిపించిన మనిషి ఆ మాట అన్నాడు. గ్రేస్ ఇంకో రెండు పీలికలు తిప్పి పక్కపక్కన పెట్టింది. రాజీనామా అనే ఇంగ్లీషు మాట సరిగ్గా నడిమికి చిరిగి ఉంది. సగం బెల్లం మీద, సగం నెమలి కంఠం మీద. అంత కచ్చితంగా చింపాలంటే ముందు చదవాలి. ఆమె ఆయన ముఖంలోకి చూసింది. ఆయన షెడ్డు పైకప్పును ఏదో కొత్త వస్తువులా చూస్తున్నాడు.

విజేందర్ నవ్వు ఆపుకోవడానికి తన గడ్డం పట్టుకున్నాడు. "మక్తల్‌లో జిరాక్స్ దుకాణం ఉందమ్మా. ఇంకో కాపీ తెచ్చి ఇస్తే తీసుకుంటా."

"చూస్త సార్," అంది గ్రేస్. అప్పటికే ఆమె కింద కూర్చుని, స్కేలుతో రేకు కొలుస్తోంది.

పొద్దు వాలకముందే నరహరి బయలుదేరాడు. గ్రేస్ రోడ్డు దాకా వచ్చింది. ఆయన చేతుల్లో ఏమీ లేదు.

"ముక్కలు కావాలంటివి గద. తీస్కపోవా?"

"గవి నేనేం జేస్కుంట? మగ్గానికి రాకెట్ కాలు పెట్టుకోవాల్నా?"

"మరి గింత దూరం ఎందుకొచ్చినవు?"

"నీకెందుకే గవన్ని? పొయ్యి పని సూస్కో. గా పిన్ను జర సన్నం జెయ్యి, వేడికి ఉబ్బినా దిగుతది," అని కసిరి, ఫోను తీసి ఇస్రాయేలుకు కలిపాడు. ఆయన స్పీకరు ఆన్ చేస్తే కానీ మాట్లాడలేడు. పక్కన చేలో ఉన్న మేకలు కూడా తల ఎత్తాయి.

"ఇస్రాయేలూ! నేనొక్కన్నే వస్తున్న."

"ఒక్కనివే?" అటు పక్క గొంతు బెదిరింది. "బిడ్డేది అన్నా?"

"ఈడ్నే పారేసిన."

తక్కువ మాట్లాడే ఇస్రాయేలు గొంతులోంచి మెల్లగా మొదలై, పెద్దదై, ఫోను పగిలేటంత నవ్వు వచ్చింది. వెనుక ఆయన భార్య "ఏమైందయ్యా, ఏమైంది?" అని అడుగుతోంది. గ్రేస్ చున్నీ ముఖానికి అడ్డం పెట్టుకుంది. ఆమె భుజాలు కదులుతున్నాయి.

"నవ్వకు!" నరహరి ఫోను మీద విరుచుకుపడ్డాడు. "నా జిందగీల మొదటిసారి పనికొచ్చేదాన్ని పారేసి వస్తున్న. జర శారదమ్మకు మాత్రం చెప్పకు. తెలిస్తే రేపటి సంది ఇంట్ల ఏదీ దాస్కోనియ్యది!"